దయ్యము పోయిన పిదప

1874లో కందుకూరి వీరేశలింగము పంతులుగారు వివేకవర్ధనిని స్థాపించినది మొదలుకొని సంఘసంస్కరణమనగానే ఆంధ్రులకు గోదావరీ తీరమే స్ఫురించుచున్నది. ఆ పత్రికలోను, తమ యుపన్యాసములలోను పంతులుగారు ఖండించిన దురాచారములలో మంత్రగాండ్ర వంచనయు దయ్యముల భయమును చేరియున్నవి. దయ్యములు లేవు, చేతబడి లేదు, తాయెత్తు కట్టిన రోగము పోదు అని ఆయనయు, ఆయన శిష్యులును ఊరూర చెప్పిరి. 1881 డిసెంబరు 11వ తేదీన రాజమహేంద్రవరమున మొదటి వితంతు వివాహము జరిపించిరి. బాలికలకు పాఠశాలలు పెట్టిరి. 1890లో పురమందిరము కట్టించిరి. 1906లో హితకారిణీ సమాజమును నెలకొల్పి తమ యాస్తిని దానికి ఒప్పగించిరి. వితంతువులకు శరణాలయము ఏర్పడినది.

ఈ చరిత్రను చదువునపుడెల్ల మాకొక ప్రశ్న తోచుచుండును. దయ్యము లేదనుట సత్యమే. కాని దయ్యము పట్టినదని అత్తవారు ఏ కోడలిని చింతబరికెలతో కొట్టించుచుండిరో, ఆ కోడలు దయ్యము లేదని తేలిన మరునాడు ఎక్కడకు పోయినది? వితంతువునకు ఇల్లు దొరికినది. బాలికకు బడి దొరికినది. మతి చలించిన దానికి ఏమి దొరికినది? పెద్దల కృషిని తక్కువ చేయుటకు మేమీ మాట అనుటలేదు. ఆ కాలమున ఐరోపాలోని వైద్యులకు సయితము ఉన్మాదమునకు నిక్కమైన మందు తెలియదు. కాని ఆనాడు విడిచిన ఆ ఖాళీ చాలకాలము ఖాళీగానే యుండిపోయినది. ఆ ఖాళీ చరిత్రనే ఇచట కొంత వ్రాయదలచితిమి.

మన డెల్టా గ్రామములలో మనోవ్యాధికి ఉన్న పేర్లను చూడుడు. గాలి సోకినది, ధూళి కొట్టినది, దిష్టి తగిలినది, దయ్యము పట్టినది, చేతబడి చేసిరి. మన్యపు వైపునకు పోయిన కొలదిని చిల్లంగి అనుమాట వినబడును. ఇందులో ఒక్కటియు వ్యాధి పేరు కాదు. అన్నియు కారణముల పేర్లే. పేరులోనే కారణము చెప్పబడినది గనుక వైద్యుడెవరో కూడ అందులోనే నిర్ణయమై పోవును. సోదె చెప్పు ఎఱుకలసాని, తాయెత్తు కట్టు ఫకీరు, ముగ్గు వేసి నిమ్మకాయలు కోయు మంత్రగాడు, ఆంజనేయస్వామి గుడి పూజారి, గ్రామదేవత పూనిన గణాచారి, వీరిలో ఒకరి తరువాత నొకరి యొద్దకు రోగిని త్రిప్పుదురు. ఈ విషయమున కులమత భేదము లేదు. వైదికుల యింటి పిల్లను దర్గాకు తీసికొనిపోవుటకు ఎవరును సంకోచింపలేదు.

ఈ దయ్యములు ఎవరిని పట్టెనో విచారించినచో మఱికొంత తెలియును. క్రొత్తగా కాపురమునకు వచ్చిన పిల్ల, పురిటి మంచముమీది బాలింత, సంతానము లేని యిల్లాలు, పసుపుకుంకుమలు పోగొట్టుకొన్న బాలిక. ఊరి పెద్దరైతును గాని, కరణమును గాని దయ్యము పట్టుట అరుదు. మంత్రగాడు ముగ్గులో కూర్చుండబెట్టి, “నీ వెవరవు? ఎందుకు పట్టితివి? నీకేమి కావలెను?” అని గద్దించి అడుగును. ఆమె ఎవరో చచ్చినదాని పేరు చెప్పి, తన నోట తన పేరున ఎన్నడును చెప్పలేని దానిని చెప్పును. పుట్టింటికి పంపలేదని చెప్పును; కడుపునిండ అన్నము పెట్టలేదని చెప్పును; మామగారి మాటలను బయటపెట్టును. ఇంటిల్లిపాదియు చేతులు కట్టుకొని వినును. ఆ కోడలిని పిలిచి నీకేమి కావలెనని అడిగిన న్యాయస్థానము ఆ యూరిలో అదియొక్కటే. అందుచేతనే కొందరికి దానివలన ఉపశమనము కలిగినమాట వాస్తవము. దీనిని ఒప్పుకొనుటవలన సంస్కరణ పక్షమునకు నష్టము లేదు.

అయినను ఆ న్యాయస్థానమున విచారణతో పాటే శిక్షయు జరిగినది. మిరపకాయల పొగ వేసిరి. వేపమండలతోను, చింతబరికెలతోను కొట్టిరి. దినములతరబడి అన్నము మాన్పించిరి. మనసులోని బాధ దయ్యపు వేషమున వచ్చినదానికి ఇది కేవలము క్రౌర్యము. దేహములో జబ్బున్నదానికి ఇది మరణమే. ముఖ్యముగా బాలింతల సంగతి చెప్పవలెను. ప్రసవమైన మొదటి రెండు మూడు వారములలో కొందరు స్త్రీలకు హఠాత్తుగా మతి తప్పును. నిద్ర పోదు; బిడ్డను తన బిడ్డ కాదనును; ఒక్కొక్కప్పుడు తనకు గాని బిడ్డకు గాని ప్రాణహాని తలపెట్టును. ఇది అత్యవసరముగ చికిత్స చేయవలసిన వ్యాధియని, చికిత్స చేసినచో చాలమంది పూర్తిగా కోలుకొందురని నేటి వైద్యులు చెప్పుచున్నారు. మరియు ఆ కాలమున పురిటి మైలవలన పుట్టు విషజ్వరములో వచ్చు సంధికి కూడ ఇవే లక్షణములు. గాలి ఆడని పురిటిగదిలో, జ్వరముతో తూలుచున్న దానికి మిరపపొగ వేసిన యెడల ఏమగునో వేరుగ చెప్పనక్కరలేదు. అట్టి చావులు దయ్యము ఖాతాలో వ్రాయబడినవి.

గురజాడ అప్పారావుగారి కన్యాశుల్కములో దయ్యమును సీసాలో బంధించు ఘట్టమునకు ప్రేక్షకులు నేటికిని కడుపుబ్బ నవ్వుదురు. ఆ నవ్వు మనకు మేలు చేసినది. చదువుకొన్నవాడు మంత్రగానిని ఇంటికి పిలుచుటకు సిగ్గుపడుట దానివలననే నేర్చెను. కాని సిగ్గు రెండు వైపుల పదునుగల కత్తి. మంత్రగానిని పిలుచుటకు సిగ్గుపడిన గృహస్థు, ఇంటిలో మతి చెడినవారున్నారని చెప్పుకొనుటకును సిగ్గుపడెను. పూర్వము వాకిట ముగ్గులో పదిమంది యెదుట కూర్చున్నది ఇప్పుడు పెరటివైపు గదిలోనికి పోయి, తలుపునకు బయటినుండి గొళ్ళెము పడినది.

మన ప్రాచీన శాస్త్రమేమనినదో చూతము. చరకసంహిత ఉన్మాదమును వాతము, పిత్తము, కఫము, ఆ మూడును కలిసిన సన్నిపాతము వలన పుట్టు నాలుగు విధములుగాను, బయటినుండి వచ్చు ఆగంతుకమను ఐదవ విధముగాను విభజించినది. గ్రహములు, పిశాచములు ఈ ఐదవదానిలోనివి. కాని అదే గ్రంథము నిదానస్థానమున, తన ప్రజ్ఞాపరాధముచేత తాను చెడనివానిని దేవతలు గాని రాక్షసులు గాని పిశాచములు గాని బాధింపజాలవనియు, వ్యాధి వచ్చినపుడు దేవతలను నిందింపరాదనియు చెప్పుచున్నది. చికిత్సలో పాతనేతులు, వమన విరేచనములు కలవు. ప్రియమైనదానిని పోగొట్టుకొని మతి చెడినవానికి దానికి సాటియైనదానిని చేకూర్చి, స్నేహితులచేత ఓదార్పించి స్వస్థునిగా చేయవలెనని కూడ కలదు. ఈ మాటలను మన ఆయుర్వేదాభిమానులు సభలలో తరచుగ ఉదాహరింతురు. వారు ఉదాహరింపనివి కొన్ని కలవు. కోరలు తీసిన పామును మీదికి వదలుట, మచ్చికచేసిన ఏనుగుచేత భయపెట్టించుట, రాజభటులచేత చంపెదమని బెదిరింపించుట, చీకటిగదిలో బంధించుట, ఇవియు అదే చికిత్సాస్థానములో చెప్పబడినవే. గ్రామపు మంత్రగాడు శాస్త్రము చదువలేదు గాని, భయముచేత మతి తిరిగి వచ్చునను నమ్మకమున అతడును శాస్త్రకారుడును ఒక్క దారివారే. ఐరోపాలోను చన్నీళ్ళలో ముంచి, గొలుసులు వేసి బెదరించిన కాలము మొన్నమొన్నటిదే.

ఇక దొరతనమువారి సంగతి. చెన్నపట్టణమున 1794లోనే ఉన్మాదులకొక శాల ఏర్పడినది. 1858లో దేశమంతటికిని ఉన్మాదుల చట్టములు వచ్చినవి. 1871లో చెన్నపట్టణపు శాల కీల్పాకమునకు చేరినది. 1870 దశకపు ఆరంభము నాటికి ఉత్తర సర్కారుల నిమిత్తము విశాఖపట్టణమువద్ద వాల్తేరులో ఉన్మాదశాల యుండెను. గోదావరి జిల్లావారికి అదియే సమీపము. సమీపమనగా రాజమహేంద్రవరమునకు రైలుదారిని సుమారు 200 కిలోమీటర్లు. రైలుబండి వచ్చినది 1890 దశకములో. గోదావరిమీద మొదటి రైలువంతెన తెరచినది 1900లో. అంతకు ముందు కాలువ పడవలలోను, ఎడ్లబండ్లలోను పోవలసినదే. కాళ్ళుచేతులు కట్టి బండిలో వేసికొనిపోబడిన రోగికి ఆ ప్రయాణము ఎట్టిదో చదువరులు ఊహింపవచ్చును.

అచటికి పోవు దారి వైద్యుని యింటినుండి కాక పోలీసు ఠాణానుండి బయలుదేరినది. దిక్కులేక తిరుగు ఉన్మాదిని పోలీసు అధికారి పట్టుకొని మేజిస్ట్రేటు ఎదుట పెట్టవలెను. మేజిస్ట్రేటు వైద్యుని సర్టిఫికేటు తీసికొని ఉన్మాదశాలకు పంపుటకు ఉత్తరువు చేయవలెను. చట్టము యొక్క చూపు వీధిమీదనే యున్నది. బజారులో రాళ్ళు విసరువాడు దాని కంటబడును. మూడేండ్లుగా మాటలాడక గోడవైపు తిరిగి పడుకొన్న యిల్లాలు దాని కంటబడదు. బంధువులు హింసించు ఉన్మాదిని గూర్చియు చట్టములో ఒక నిబంధన లేకపోలేదు. అయితే పెరటిగదిలో జరుగుదానిని ఠాణాకు పోయి చెప్పువారెవరు? 1872 మొదలు 1931 వరకు జనాభాలెక్కలలో గ్రుడ్డివారు, చెవిటిమూగలు, కుష్ఠురోగులతో పాటు పిచ్చివారిని గూడ లెక్కించుచు వచ్చిరి. లెక్క వ్రాయువాడు వాకిట నిలిచి గృహయజమానిని అడుగును. పెండ్లికావలసిన పిల్లలున్న ఇంటి యజమాని ఏమని జవాబు చెప్పును?

1905 వరకు ఈ శాలలు కారాగారముల ఇన్‌స్పెక్టరు జనరలు ఆధీనమున నుండినవనుట గమనింపదగినది. ఆ పిమ్మట అవి వైద్యాధికారుల చేతికి వచ్చినవి. 1912లో క్రొత్త చట్టము వచ్చినది. 1922లో చెన్నపట్టణపు ఉన్మాదశాలకు మానసిక వైద్యశాలయని పేరు మార్చిరి. పేరు మారినను జనులకది పిచ్చాసుపత్రియే. వాల్తేరు పేరు మన జిల్లాలలో తిట్టుగను, పరిహాసముగను మారినది. అచటినుండి నయమై వచ్చినవాడు కూడ జీవితాంతము ఆ పేరును మోయవలసినదే. 1946లో భోరు కమిటీవారు లెక్క తేల్చినప్పుడు మన దేశమున 40,000 మంది జనమునకు ఒక్క మంచము చొప్పున, ఇంగ్లండున సుమారు 300 మందికి ఒక్క మంచము చొప్పున మానసిక వైద్యశాలలలో చోటున్నట్లు తెలిసినది. కావున తొంబది తొమ్మిదిపాళ్ళు చికిత్స యనునది ఇంటిలో జరిగినదే, లేక జరుగనిదే.

ఇంటివారి చేతిలో ఉన్న ఔషధములలో ముఖ్యమైనది పెండ్లి. పెండ్లి కుదిరితే గాని పిచ్చి కుదరదు, పిచ్చి కుదిరితే గాని పెండ్లి కుదరదు అను సామెతను మనము హాస్యమునకు వాడుకొనుచున్నాము గాని అది వేలకొలది కుటుంబములలో నిజముగ నడచిన వైద్యవిధానము. మతి నిలకడలేని కుమారునకు దూరపు ఊరిలో పేదయింటి పిల్లను చూచి, సంగతి దాచి, కట్నము కూడ మాని పెండ్లి చేయుదురు. ఆ పిల్లకు కాపురమునకు వచ్చిన మూడవనాడు తెలియును. అప్పటినుండి ఆమె భార్య గాదు. జీతము లేని పరిచారిక. కొన్నేండ్లకు ఆమెకును గాలి సోకినదందురు. 1955 నాటి హిందూ వివాహచట్టము వివాహకాలమున వధూవరుల మనస్సు స్వస్థమై యుండవలెనని షరతు పెట్టినది. ఈ ఔషధము మాత్రము మన పల్లెలలో ఇంకను వాడుకలోనున్నది. ఒకటికంటె ఎక్కువ ఇండ్లలో దీనిని మేము చూచితిమి. ఒక్కచోటనైన రోగము కుదిరినట్లు చూడలేదు.

మందులు వచ్చిన కథ చిత్రమైనది. అందులో మన దేశపు మొక్కకొక భాగము కలదు. సర్పగంధి వేరును పిచ్చికి వాడుట ఉత్తరదేశపు నాటువైద్యులు చిరకాలముగ ఎఱిగినదే. 1931లో కలకత్తాలో గణనాథసేను, కార్తికచంద్రబోసు అను వైద్యులు దానిని పరీక్షించి, ఉద్రేకముతోకూడిన ఉన్మాదమునకును, రక్తపు పోటునకును అది పనిచేయుచున్నదని ప్రకటించిరి. లోకము ఇరువదియేండ్లు దానిని పట్టించుకొనలేదు. 1949లో ఆస్ట్రేలియా వైద్యుడు కేడు లిథియమును, 1952లో పారిసు వైద్యులు క్లోర్‌ప్రోమజీనును కనుగొని వాడిరి. ఆ 1952లోనే స్విట్జర్లండువారు సర్పగంధినుండి రిసర్పిను అను సారమును తీసిరి. వీనివలన అన్ని రోగములును మాయము కాలేదు. చేతులు వణకుట, దేహము బిగుసుకొనుట, అతినిద్ర మున్నగు బాధలు వెంట వచ్చినవి. రిసర్పిను కొందరిని దిగులులో ముంచినది. అయినను ఒక్క గొప్ప మార్పు కలిగినది. గోడలు అవసరము లేకపోయినది. మాత్ర మ్రింగి ఇంటనే యుండి పొలము పని చేసికొనువానికి ఉన్మాదశాల ఎందుకు?

ఇందుకు తోడు ఇంటివారిని వైద్యమునకు చేర్చుకొన్నవారు కొందరు కలరు. 1950 దశకమున అమృతసరపు మానసిక వైద్యశాలలో డాక్టరు విద్యాసాగరుగారు ఆవరణలో డేరాలు వేయించి రోగులతో వారి బంధువులను కూడ ఉంచిరి. తల్లి వండి పెట్టుచుండగా, అన్న ప్రక్కన పడుకొనియుండగా చికిత్స జరిగినది. వ్యాధి ఏమో వారికి రోజును నచ్చజెప్పిరి. అట్లు కోలుకొన్నవారిని బంధువులు వెంటబెట్టుకొని పోయిరి, వదలిపోలేదు. 1957లో వెల్లూరున ఏర్పడిన మానసిక ఆరోగ్య కేంద్రమును ఈ పద్ధతినే అవలంబించినది. మన జనులకిది క్రొత్త గాదు. ఏ ఆసుపత్రి వరండా చూచినను చాపమీద రోగి తాలూకు మనుష్యులు కనబడుట మనదేశపు మర్యాదయే. ఆ మర్యాదను ఉన్మాదశాల గోడ తెగగొట్టినది. డేరా తిరిగి కలిపినది.

గోదావరి మండలమునకు ఈ మేలు కాకినాడ ద్వారమున వచ్చినది. 1958లో అచట రంగరాయ వైద్యకళాశాల ఏర్పడి, ప్రభుత్వ సామాన్య వైద్యశాలలోనే కాలక్రమమున మనోవ్యాధుల విభాగమును నడచుచున్నది. జ్వరపు రోగియు, కాలు విరిగినవాడును పోవు వాకిలినుండియే మనోవ్యాధిగలవాడును పోవుట చిన్న సంగతిగా తోచవచ్చును. అమలాపురమునుండి బస్సెక్కి, కాకినాడ పెద్దాసుపత్రికి పోవుచున్నామని ఇరుగుపొరుగువారితో చెప్పి, నెలకు సరిపడు మాత్రలు తెచ్చుకొను తల్లికి అది చిన్న సంగతి గాదు. ఏ రోగమునకని ఎవరును అడుగరు.

1982లో జాతీయ మానసిక ఆరోగ్య కార్యక్రమము ప్రారంభమైనది. తెలుగువారు మెండుగనున్న బళ్ళారి జిల్లాలో దానిని మొదట ప్రయోగించి చూచిరి. 1996లో నాలుగు జిల్లాలలో జిల్లా కార్యక్రమము మొదలు పెట్టినప్పుడు అందు మెదకు ఒకటి. బాణామతి భయముతో ఊళ్ళకు ఊళ్ళు వణకిన ఆ మెదకుననే ఇది మొదలగుట మాకు సముచితముగ తోచినది. బాణామతి లేదని చెప్పి వచ్చుట మాత్రమే చాలదు. భయపడినవారికి వైద్యుడు అందుబాటులో ఉండవలెను. మన మన్యములో చిల్లంగి చేసినాడను నెపమున ముసలివారిని చంపిన వార్తలు పత్రికలలో ఇంకను కనబడుచున్నవి. తప్పుడు నిదానమువలన రోగి యొక్కడే గాక పొరుగువాడును చచ్చు వ్యాధి ఇదియొక్కటే కాబోలు.

2001 ఆగస్టు 6వ తేదీన తమిళదేశపు ఏర్వాడిలో, దర్గా సమీపమునగల ఒక ఆశ్రమపు పాక అంటుకొని, గొలుసులతో కట్టబడి యుండుటచే పారిపోలేక 28 మంది రోగులు కాలిపోయిరి. దేశమంతయు ఉలికిపడినది. 2017 నాటి మానసిక ఆరోగ్య చట్టము ఎవరినిగాని ఏ విధముగను గొలుసులతో బంధింపరాదని శాసించినది. ఆత్మహత్యకు యత్నించినవానిని అపరాధిగా గాక తీవ్రమైన మనోవ్యథలో ఉన్నవానిగ భావింపవలెనని చెప్పినది. 2015-16లో పండ్రెండు రాష్ట్రములలో జరిపిన జాతీయ పరిశీలనలో పెద్దలలో నూటికి పదిమందికి పైగా ఏదో ఒక మనోవ్యాధితో బాధపడుచున్నట్లును, వారిలో అధికసంఖ్యాకులు చికిత్స పొందనట్లును తేలినది. ఆ పండ్రెండింటిలో మన రాష్ట్రము లేదు. వాకిట నిలిచి లెక్క వ్రాయువాడు ఈసారి మన వాకిటికి రానేలేదు. 2022 అక్టోబరు నుండి 14416 అను సంఖ్యకు టెలిఫోను చేసి తెలుగులోనే సలహా పొందు వసతి ఏర్పడినది. పెరటిగదిలోని యిల్లాలికి చేతిలో టెలిఫోను ఉన్నచో అది ఠాణాకంటె దగ్గర.

ఇంకొక్క సంగతి మిగిలియున్నది. మందు పనిచేసి, మతి కుదిరి, ఇంటికి పోవుటకు సిద్ధమైనను పోవుటకు ఇల్లు లేనివారు దేశమునందలి మానసిక వైద్యశాలలన్నిటను కలరు. చేర్చునప్పుడు వ్రాయించిన చిరునామాకు ఉత్తరము వ్రాయగా అట్టివారెవరును ఇచట లేరని తిరిగి వచ్చును. ఇల్లు మారియుండవచ్చును, చిరునామాయే అబద్ధమై యుండవచ్చును. స్త్రీలలో ఇట్టివారి కష్టము మరింత ఎక్కువ. భర్త వేరొకతెను పెండ్లియాడును, అన్నదమ్ములు వాటా అడుగునేమో యని భయపడుదురు. ఇంటివారు చేర్చుకొనలేదను కారణముచేత ఎవరును వైద్యశాలలోనే పడియుండరాదని, వారికి సంఘము నడుమ నివాసము ఏర్పరచుట ప్రభుత్వపు విధియని 2017 చట్టము చెప్పుచున్నది. సర్వోన్నత న్యాయస్థానమును ఆ యేటనే ఇట్టి గృహములను ఏర్పరుపుడని రాష్ట్రములను హెచ్చరించినది.

వితంతు శరణాలయము నిలిచిన గడ్డ ఇది. లంకలగన్నవరములో దారిని పోవు ప్రతివానికిని అన్నము పెట్టిన డొక్కా సీతమ్మగారి గడ్డ ఇది. పిఠాపురము మహారాజావారు కాకినాడలో అనాథలకు ఆశ్రమము నడపిన గడ్డ ఇది. పదిమంది స్త్రీలకు అట్టి గృహము పెట్టుటకు పది మంచములు, ఒక వంటయిల్లు, రాత్రి తోడుండుటకు ఒక నర్సు, వారమునకొకసారి కాకినాడనుండి గాని రాజమహేంద్రవరమునుండి గాని వచ్చు వైద్యుడు, రెండు కుట్టుమిషనులు, కూరగాయల మడికి కొంచెము నేల కావలెను. కాలువగట్టున ఒక కల్యాణమండపమునకు మనవారు వెచ్చించు ధనములో ఇది నాలుగవవంతు గూడ కాదు. తలుపులకు గొళ్ళెములు లోపలివైపు మాత్రమే పెట్టించవలెను.